పిలిచినప్పుడు పలకని అప్పీలు

సివిల్ అప్పీలు విచారణకు వచ్చిన రోజున ఎవరు రాలేదన్నదాన్ని బట్టి కోర్టు ఏం చేయాలో మన సివిల్ ప్రొసీజర్ కోడ్ రెండు రకాలుగా చెబుతుంది. రెస్పాండెంటు, అంటే కింది కోర్టులో గెలిచిన పక్షం, రాకపోతే అప్పీలుదారు వాదన ఒక్కటే విని ఏకపక్షంగా తేల్చేయాలి. అప్పీలుదారే రాకపోతే మాత్రం అప్పీలును కొట్టేయవచ్చు గానీ కేసు మంచిచెడ్డల్లోకి వెళ్లకూడదు. 41వ ఆర్డరు 17వ రూలులో పక్కపక్కనే ఉన్న ఈ రెండు మాటల మీద రెండు వైపుల నుంచీ ఫిర్యాదులున్నాయి. ఏళ్ల తరబడి పోరాడిన హక్కును ఒక్క పూట గైర్హాజరుకు తుడిచేయడం ఏం న్యాయం అని ఓడినవాడు అడుగుతాడు. కొట్టేసిన అప్పీలును మళ్లీ బతికించి నా డిక్రీని ఎన్నాళ్లు ఆపుతారు అని గెలిచినవాడు అడుగుతాడు. ఇద్దరి బాధా నిజమే. అయితే ఇద్దరూ తప్పు చోట వేలు పెడుతున్నారని నా అభిప్రాయం. కొట్టివేత రూలు తనంతట తాను అన్యాయమైనది కాదు. జాగ్రత్తగా చదివితే అది అప్పీలుదారును కాపాడే రూలు కూడా. అన్యాయం జరిగేది ఆ తర్వాత: కొట్టేశారన్న కబురు కక్షిదారుకు చేరని తీరులో, గడువును లెక్కపెట్టే పద్ధతిలో, 'తగిన కారణం' అన్న రెండు మాటలను ఒక్కో కోర్టు ఒక్కో రకంగా తూచడంలో.

ముందు రూలు సంగతి. కేసు పిలిచినప్పుడు అప్పీలుదారు హాజరు కాకపోతే అప్పీలును కొట్టివేస్తూ కోర్టు ఉత్తర్వు 'ఇవ్వవచ్చు' అని 17వ రూలు మొదటి భాగం అంటుంది. 'ఇవ్వాలి' అనదు. వాయిదా వేయవచ్చు, మధ్యాహ్నం మళ్లీ పిలిపించవచ్చు, చివరి అవకాశమని రాసి మరో తేదీ ఇవ్వవచ్చు. ఈ 'వచ్చు'ను పట్టుకుని కొన్ని హైకోర్టులు ఒకప్పుడు ఇంకో అడుగు వేశాయి. కొట్టేసే అధికారం ఉన్నప్పుడు ఫైలు చదివి, కింది తీర్పు సరైనదే అని తేల్చి కొట్టేసే అధికారం కూడా ఉన్నట్టే కదా అన్నాయి. మరికొన్ని హైకోర్టులు కుదరదన్నాయి. ఆ తగవు తీర్చడానికే 1976 సవరణ చట్టం ఈ రూలు కింద ఒక వివరణ చేర్చింది: ఈ ఉపనియమం అప్పీలును గుణదోషాల మీద కొట్టేసే అధికారం ఇచ్చినట్టు భావించరాదు. అది 1977 ఫిబ్రవరి 1 నుంచి అమల్లో ఉంది. ఇంత తేటగా రాశాక కూడా సుప్రీంకోర్టు ఇదే మాటను 1996లో చెప్పాల్సి వచ్చింది, 2012లో చెప్పాల్సి వచ్చింది, 2014లో మరోసారి, 2023 నవంబరులో ఇంకోసారి. ప్రతిసారీ కథ దాదాపు ఒకటే. అప్పీలుదారు న్యాయవాది రాలేదు, హైకోర్టు ఫైలు చూసి కేసులో పస లేదని రాసి కొట్టేసింది, సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును రద్దు చేసి అప్పీలును మళ్లీ వినమని పంపింది.

యాభై ఏళ్లకు దగ్గరపడుతున్న వివరణను హైకోర్టులు ఎందుకు మరిచిపోతున్నాయి? చట్టం తెలియక కాదు. రికార్డు చదువుకుని వచ్చిన జడ్జికి, ఆ చదివినదంతా పక్కన పెట్టి 'ఎవరూ రాలేదు, కొట్టేశాను' అని ఒక్క వాక్యం రాయడం మొరటుగా అనిపిస్తుంది. కారణాలు చూపుతూ నాలుగు పేజీలు రాస్తే అది బాధ్యతగా కనిపిస్తుంది. పైగా అలా ముగిసిన కేసు మళ్లీ తలెత్తదు. గట్టిగా ముగించామన్న తృప్తి ఉంటుంది. చిక్కు సరిగ్గా అక్కడే ఉంది. గైర్హాజరుకు కొట్టేసిన ఉత్తర్వు డిక్రీ కాదని కోడ్ రెండో సెక్షనే చెబుతోంది. అది డిక్రీ కాదు కాబట్టే, 19వ రూలు కింద తగిన కారణం చూపించి అదే కోర్టులో అప్పీలును తిరిగి తెరిపించుకోవచ్చు. గుణదోషాల మీద కొట్టేస్తే ఆ తలుపు మూసుకుపోతుంది. అది తీర్పు అవుతుంది, డిక్రీ అవుతుంది. జిల్లా కోర్టు తేల్చిన మొదటి అప్పీలయితే ఇక మిగిలేది రెండో అప్పీలు. అక్కడ గణనీయమైన న్యాయప్రశ్న ఉందని చూపితే తప్ప లోపలికి రానివ్వరు. కేసు వాస్తవాల మీద ఒక్క మాటా చెప్పుకోనివాడికి, ఇక వాస్తవాల మీద మాట్లాడే వేదికే లేకుండా పోతుంది. అందుకే ఆ నాలుగు పేజీల తీర్పు మర్యాదగా కనిపిస్తుంది గానీ పీక నులిమేస్తుంది. ఒక్క వాక్యం కొట్టివేత మొరటుగా కనిపిస్తూనే ఊపిరి మిగులుస్తుంది.

దీనికి ఒక గట్టి అభ్యంతరం ఉంది. క్రిమినల్ అప్పీళ్ల విషయంలో సుప్రీంకోర్టు సరిగ్గా దీనికి ఎదురు మాట చెప్పింది. నిందితుడో అతని వకీలో రాలేదని క్రిమినల్ అప్పీలును కొట్టేయడానికి వీల్లేదు, రికార్డు చదివి గుణదోషాల మీదే తేల్చాలని 1996లో ముగ్గురు జడ్జీల ధర్మాసనం తీర్పు ఇచ్చింది. పన్నుల కేసుల్లోనూ అంతే. ఆదాయపు పన్ను అప్పిలేట్ ట్రిబ్యునల్ గైర్హాజరు పేరుతో అప్పీలు కొట్టేయడానికి వీలిచ్చిన రూలు చెల్లదని 1969లోనే మద్రాసు నుంచి వెళ్లిన కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఎక్సైజ్ ట్రిబ్యునల్ గురించి 2014లో ఇదే సూత్రం పాటించింది. మనిషి రాకపోయినా అక్కడ న్యాయం తేల్చాలి, ఇక్కడ తేల్చకూడదు. ఒకే దేశపు కోర్టులు రెండు నాలుకలతో మాట్లాడుతున్నాయా? లేదు. క్రిమినల్ అప్పీలులో అవతల ఉన్నది రాజ్యం, పందెంలో ఉన్నది ఒక మనిషి స్వేచ్ఛ. అతను పలకలేదని అతన్ని జైల్లో ఉంచే హక్కు రాజ్యానికి రాదు. పన్ను ట్రిబ్యునల్ విషయంలో, అప్పీలు మీద ఉత్తర్వు ఇవ్వమని చట్టమే ట్రిబ్యునల్‌కు చెప్పింది. పన్ను ఎంతన్నది తేల్చకుండా చేతులు దులుపుకోవడం ఆ పని చేయకపోవడమే. సివిల్ అప్పీలు ఇద్దరు సమానుల మధ్య తగవు. కింది కోర్టు ఒకరికి డిక్రీ ఇచ్చింది. ఆ డిక్రీ తప్పని చెప్పే భారం అప్పీలుదారుది. ఆ భారం మోయాల్సినవాడే లేనప్పుడు అతని తరఫున జడ్జి వాదన అల్లుకుని, దాన్ని తానే ఓడించడం వల్ల ఎవరికీ మేలు లేదు. రెస్పాండెంటు రానప్పుడు కోర్టు ఏకపక్షంగా వినడం కూడా ఈ తర్కానికి లోబడే ఉంది. అక్కడ భారం మోసేవాడు నిలబడి ఉన్నాడు. డిక్రీ తప్పని అతను ఒప్పించలేకపోతే ఎదుటి పక్షం ఖాళీగా ఉన్నా అప్పీలు ఓడిపోతుంది.

కాబట్టి రూలును తిట్టడం ఆపి, కొట్టేసిన మర్నాటి నుంచి ఏం జరుగుతుందో చూద్దాం. అప్పీలు వేసినంత మాత్రాన డిక్రీ అమలు ఆగదు. అప్పీలు కోర్టు ఇచ్చిన స్టే వల్ల ఆగుతుంది. అప్పీలు పోతే స్టే కూడా పోతుంది. గెలిచినవాడు అమలు పిటిషన్ వేస్తాడు, లేదా ఆగి ఉన్నదాన్ని కదిలిస్తాడు. పొలం స్వాధీనం కేసయితే అమీను వస్తాడు. డబ్బు డిక్రీ అయితే ఆస్తి జప్తు, వేలం. చాలామంది అప్పీలుదారులకు తమ అప్పీలు పోయిందన్న కబురు మొదట చేరేది ఈ రూపంలోనే. ఇక్కడ సామాన్యుడికి తెలియని ఒక చిక్కుంది. స్టే లేనప్పుడు కోర్టు వేలంలో కేసుకు సంబంధం లేని మూడో మనిషి ఆస్తి కొని, ఆ అమ్మకం ఖాయమైపోతే, తర్వాత అప్పీలు బతికి డిక్రీ రద్దయినా అతని కొనుగోలు సాధారణంగా నిలుస్తుంది. డిక్రీదారు నుంచి సొమ్ము వెనక్కి రావచ్చు, పొలం రాకపోవచ్చు. అప్పీలును పునరుద్ధరిస్తే పాత మధ్యంతర ఉత్తర్వులు తిరిగి లేస్తాయా అన్న ప్రశ్న 2004లో సుప్రీంకోర్టు ముందుకు ఒక దావా సందర్భంలో వచ్చింది. కోర్టు స్పష్టంగానో సూచనగానో వద్దనకపోతే లేస్తాయని మెజారిటీ జడ్జీలు అన్నారు, ఒకరు విభేదించారు. లేచినా, మధ్యలో జరిగిపోయినవాటిని అవి వెనక్కి తిప్పలేవు. అందువల్ల పునరుద్ధరణలో వేగం ఒక సౌకర్యం కాదు. వేగం లేని పునరుద్ధరణ కాగితం మీద హక్కు.

ఇప్పుడు అసలు తగవుకు వద్దాం. 19వ రూలు కింద అప్పీలుదారు నిరూపించాల్సింది ఒక్కటే: కేసు పిలిచిన రోజున హాజరు కాకుండా తనను తగిన కారణం అడ్డుకుంది. నిరూపిస్తే కోర్టు అప్పీలును తిరిగి చేర్చుకోవాలి. ఇక్కడ 'వచ్చు' లేదు. ఖర్చులు విధించవచ్చు, షరతులు పెట్టవచ్చు, నిరాకరించడానికి మాత్రం లేదు. అయితే తగిన కారణం అంటే ఏమిటో కోడ్ చెప్పలేదు, తెలిసే చెప్పలేదు. రైలు తప్పడం దగ్గర నుంచి గుండెపోటు దాకా ఏదైనా కావచ్చు. ఇంగ్లండ్ సివిల్ నియమాల్లో, విచారణకు రాని పక్షం తర్వాత తిరిగి వినమని అడిగితే మూడు ప్రశ్నలు వేస్తారు: తెలిసిన వెంటనే కదిలావా, రాకపోవడానికి మంచి కారణం ఉందా, విచారణ జరిగితే గెలిచే అవకాశం కొంతైనా ఉందా. మన 19వ రూలు ఈ మూడో ప్రశ్న వేయదు. వేయకపోవడమే మంచిదని నా ఉద్దేశం. వేస్తే పునరుద్ధరణ పిటిషనే చిన్న అప్పీలుగా మారుతుంది, 17వ రూలు మూసిన తలుపు కిటికీలోంచి తెరిచినట్టవుతుంది.

తగిన కారణం మీద సుప్రీంకోర్టు మాటలు రెండు గట్ల మీదుగా పారుతూ వచ్చాయి. ఒక గట్టు 1981 నాటిది. అలహాబాద్ హైకోర్టులో రెండో అప్పీలు వేసిన ఒక కక్షిదారు వకీలు విచారణ రోజున రాలేదు, అప్పీలు పోయింది, పునరుద్ధరణ పిటిషనూ పోయింది. జస్టిస్ డి.ఎ. దేశాయ్ రాసిన తీర్పు సారాంశం ఇది: పల్లెటూరి మనిషి వకీలును పెట్టుకుని, ఫీజు ఇచ్చి, కావలసిన వివరాలన్నీ చెప్పాక తన పని అయిపోయిందని నమ్ముతాడు, హైకోర్టు గుమ్మంలో నిలబడి వకీలుకు కాపలా కాయడం అతని పని కాదు, వకీలు చేసిన తప్పుకు అతను నష్టపోకూడదు. అప్పీలు బతికింది. ఖర్చుల కింద రెండు వందల రూపాయలు రాని వకీలు నుంచే వసూలు చేయాలన్నారు. మొత్తం చిన్నదే, ఎవరి జేబు నుంచి అన్నది చిన్నది కాదు. రెండో గట్టు 1993 నాటిది. కలకత్తాలో ఒక ప్రైవేటు కంపెనీ, తన న్యాయవాది రావద్దని సలహా ఇచ్చాడు కాబట్టి విచారణకు రాలేదని చెప్పి ఏకపక్ష డిక్రీని రద్దు చేయమంది. తెలుగు నేల నుంచి వెళ్లిన జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి ఆ తీర్పు రాశారు. వకీలు కక్షిదారు ప్రతినిధి, అతని చర్యలు కక్షిదారు చర్యలే, 1981 నాటి మాట ఎక్కడైనా ఎప్పుడైనా వర్తించే సార్వత్రిక సూత్రం కాదు, అదే ఊళ్లో ఉన్న చదువుకున్న వ్యాపారులు పల్లెటూరి అమాయకుల వేషం వేయలేరు అన్నది దాని తాత్పర్యం. 2024 నవంబరులో సుప్రీంకోర్టు ఈ రెండో గట్టు మీదే నిలబడి, తప్పంతా వకీలు నెత్తిన రుద్ది కక్షిదారు తప్పించుకోలేడని, తన కేసు గురించి తాను జాగ్రత్తపడాలని చెప్పింది.

ఈ రెండూ పరస్పర విరుద్ధాలని కొందరు అంటారు. నేను ఒప్పుకోను. రెండూ ఒకే ప్రశ్న అడుగుతున్నాయి: ఈ మనిషి స్థితిలో ఉన్నవాడు ఇంతకన్నా ఎక్కువ ఏం చేసి ఉండాలి? జవాబు మనిషిని బట్టి మారుతుంది, మారాలి కూడా. చిక్కేమిటంటే కింది స్థాయిలో ఆ ప్రశ్న అడగకుండానే ఏదో ఒక గట్టును పట్టుకోవడం. పునరుద్ధరించాలనుకున్న కోర్టు 1981ని ఎత్తి రాస్తుంది, వద్దనుకున్న కోర్టు 1993ని ఎత్తి రాస్తుంది. కక్షిదారు ఎవరు, ఊరు ఎంత దూరం, వకీలుతో ఆఖరుసారి ఎప్పుడు మాట్లాడాడు అన్న వాస్తవాలు ఆ ఉత్తర్వుల్లో కనిపించవు. ఇంకో దురలవాటు కూడా ఉంది. అంతకుముందు ఎన్ని వాయిదాలు తీసుకున్నాడో లెక్కగట్టి, ఇతను మొదటి నుంచీ ఇంతే అని పిటిషన్ కొట్టేయడం. ఇది తప్పని సుప్రీంకోర్టు 2000లోనే స్పష్టం చేసింది. చూడాల్సింది కొట్టేసిన ఆ తేదీన ఎందుకు రాలేదన్నది. పాత వాయిదాలకు అప్పుడే ఖర్చులు వేసి ఉండాల్సింది, లేదా ఇవ్వకుండా ఉండాల్సింది.

కక్షిదారు జాగ్రత్తపడాలి, సరే. ఏ సాధనాలతో? వకాల్తా ఇచ్చాక కోర్టు నోటీసు వకీలుకు అందితే కక్షిదారుకు అందినట్టే లెక్కని 3వ ఆర్డరు చెబుతుంది. అప్పీలు ఎప్పుడు జాబితాలోకి వస్తుందో కాజ్ లిస్టు చూసే వకీలుకే తెలుస్తుంది. మొదటి అప్పీలు విచారణకు ఏళ్లు పడుతుంది. ఈలోగా వకీలు చనిపోవచ్చు, జడ్జిగా వెళ్లిపోవచ్చు, ప్రాక్టీసు మానేయవచ్చు. ఉమ్మడి హైకోర్టు 2019 జనవరి 1న రెండుగా విడిపోయి, ఆంధ్రప్రదేశ్ కేసుల ఫైళ్లు హైదరాబాద్ నుంచి అమరావతికి వెళ్లాయి. ఆ కేసులు చూస్తూ వచ్చిన వకీళ్లలో హైదరాబాద్‌లోనే ఉండిపోయినవారు ఉన్నారు. శ్రీకాకుళంలోనో అనంతపురంలోనో ఉన్న కక్షిదారుకు తన అప్పీలు ఏ ఊళ్లో, ఎవరి చేతిలో ఉందో తెలియడమే ఒక పని. అమెరికాలోనో గల్ఫ్‌లోనో ఉంటూ, జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ ఇచ్చిన మనిషి ద్వారా కేసు నడుపుతున్నవారి సంగతి అంతకన్నా కష్టం. వకీళ్లు విధులు బహిష్కరించిన రోజున పోయిన కేసుల లెక్క వేరే. సమ్మె చేసే హక్కు వకీళ్లకు లేదని సుప్రీంకోర్టు 2002లో చెప్పింది; సమ్మె వల్ల కక్షిదారుకు నష్టం జరిగితే వకీలు బాధ్యత వహించాలని అంతకు రెండేళ్ల ముందే హెచ్చరించింది. బహిష్కరణలు ఆగిపోలేదన్నది అందరికీ తెలిసిందే. వకీలు కోర్టులో లేచి 'నాకు సూచనలు లేవు' అని తప్పుకుంటే, కక్షిదారుకు నోటీసు ఇవ్వకుండా ముందుకు పోవడం సరికాదని 1998లో సుప్రీంకోర్టు అన్నది. మంచి మాట. తప్పుకున్న వకీలు విషయంలో కక్షిదారుకు చెప్పాలంటే, అసలు రానే రాని వకీలు విషయంలో చెప్పనక్కర్లేదా?

గడువు లెక్క దీనికి తోడు. గైర్హాజరుకు పోయిన అప్పీలును తిరిగి తెరిపించుకోవడానికి 1963 కాలపరిమితి చట్టం 122వ అధికరణ ఇచ్చే గడువు ముప్పై రోజులు. ఆ ముప్పై రోజులు కొట్టేసిన తేదీ నుంచే మొదలవుతాయి. పక్కనే ఉన్న 123వ అధికరణ చూడండి. రెస్పాండెంటుకు నోటీసు సరిగా అందకుండా అప్పీలు ఏకపక్షంగా తేలితే అతనికీ ముప్పై రోజులే, కానీ అవి విషయం తెలిసిన రోజు నుంచి మొదలవుతాయి. అప్పీలు వేసినవాడికి తన కేసు తెలుసు, లాగబడినవాడికి తెలియదు అన్నది ఈ తేడాకు చెప్పుకునే సమర్థన. 1963లో అది సరిపోయిందేమో. ఏళ్ల తరబడి జాబితాకు రాని అప్పీలు ఒక మంగళవారం హఠాత్తుగా వచ్చి అదే రోజు పోతే, దాన్ని వేసిన మనిషికి తెలిసిందని ఏ ఆధారంతో అనుకోవాలి? ఫలితంగా అమీను వచ్చాక కళ్లు తెరిచిన అప్పీలుదారు రెండు పిటిషన్లు వేయాలి: ఆలస్యాన్ని మన్నించమని 5వ సెక్షన్ కింద ఒకటి, అప్పీలు తెరవమని 19వ రూలు కింద ఇంకొకటి. ఎదుటి పక్షం రెండింటికీ కౌంటరు వేస్తుంది. పిటిషన్లకు వాయిదాలు పడతాయి. పునరుద్ధరణ పిటిషనే ఒక రోజు ఎవరూ రాలేదని కొట్టేస్తే, దాన్ని పునరుద్ధరించమని మూడో పిటిషన్ వేసిన సందర్భాలూ ఉన్నాయి. అప్పటికి అసలు తగవు ఏమిటో కోర్టుకే గుర్తుండదు. కోవిడ్ కాలంలో 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 దాకా ఉన్న రోజులను సుప్రీంకోర్టు గడువు లెక్కలోంచి తీసేసింది. మనిషి చేతిలో లేని కారణానికి గడువు పరుగెత్తకూడదని ఒప్పుకుంటే, తెలియకపోవడం అన్న కారణాన్ని చట్టంలోనే ఎందుకు చేర్చకూడదు?

ఇక గెలిచినవాడి అభ్యంతరం. దీన్ని తేలిగ్గా తీసేయడానికి లేదు. ఓడిపోతానని తెలిసిన అప్పీలుదారుకు గైర్హాజరు ఒక ఆయుధం. వాయిదా ఇవ్వనంటే రాడు. కొట్టేస్తే పునరుద్ధరణ అడుగుతాడు. ఈ లోపు పొలం, కొట్టు, ఇల్లు తన చేతిలోనే ఉంటాయి. ఉదారంగా చూడమని ప్రతి తీర్పూ చెబుతుంటే, ఆ ఉదారత ఖరీదు కట్టేది ఎదుటివాడు. కాలాతీతమైన అప్పీళ్ల విషయంలో 1987లో సుప్రీంకోర్టు చెప్పిన ఉదారతను ప్రభుత్వాలు ఎంత వాడుకున్నాయో చూసి, 2012లో అదే కోర్టు 427 రోజుల ఆలస్యాన్ని మన్నించడానికి నిరాకరించింది. ప్రభుత్వ శాఖకు చట్టం వేరే లేదని చెప్పింది. ప్రభుత్వ అప్పీలు గైర్హాజరుకు పోతే కూడా అదే కొలత పెట్టాలి. జీతం తీసుకునే ప్రభుత్వ ప్లీడర్లు, కోర్టు కేసుల కోసమే పెట్టుకున్న సిబ్బంది ఉన్న శాఖ, 1981 నాటి పల్లెటూరి కక్షిదారు పక్కన కూర్చోలేదు.

ఈ అభ్యంతరానికి జవాబు తలుపు మూసేయడం కాదు, తలుపు దగ్గర రుసుము పెట్టడం. జాప్యానికి కారణమైన పక్షం మీద ఖర్చులు వేయడానికి కోడ్‌లో 35బి సెక్షన్ 1976 సవరణ నుంచీ ఉంది. 19వ రూలులోనే ఖర్చుల మాట ఉంది. మన కోర్టుల్లో ఆ ఖర్చులు ఎదుటి పక్షం బస్సు చార్జీలకు కూడా చాలవు. ఎదుటివాడు కోల్పోయిన కాలానికి, చెల్లించిన ఫీజుకు దగ్గరగా ఖర్చులు విధించి, వకీలు తప్పు తేలినప్పుడు 1981 నాటి మాదిరిగా అతని జేబు నుంచే తీయిస్తే, ఆయుధంగా వాడుకునేవాడికి అది బరువవుతుంది. నిజంగా పొరపాటు పడినవాడికి హక్కు మిగులుతుంది. ఒకే కోడ్‌ను పంచుకున్న బంగ్లాదేశ్ ఈ దారిలో కొంత నడిచింది. గైర్హాజరుకు పోయిన దావాను ముప్పై రోజుల్లోపు అఫిడవిట్ వేసి, ఖర్చులు కట్టి అడిగితే, సాక్ష్యం, విచారణల తతంగం లేకుండా నేరుగా పునరుద్ధరించే రూలును 9వ ఆర్డరులో చేర్చింది, అయితే ఒకే ఒక్కసారి. మొదటి తప్పుకు డబ్బు, రెండో తప్పుకు రుజువు. మన అప్పీళ్లకు ఇంతకన్నా మంచి సూత్రం నాకు కనిపించడం లేదు. ముఖ్యంగా మొదటి అప్పీళ్లకు. వాస్తవాలనూ చట్టాన్నీ రెండింటినీ తిరిగి తూచమని అడిగే హక్కు కక్షిదారుకు అక్కడే ఉంటుంది. రెండో అప్పీలుకు అంత ఉదారత అక్కర్లేదు; అక్కడ ఉన్నది న్యాయప్రశ్న ఒక్కటే, రెండు కోర్టులు అప్పటికే విన్నాయి.

అంతకన్నా ముందు చేయాల్సింది కొట్టేసే ముందు కక్షిదారుకే చెప్పడం. ప్రతి పక్షమూ తన చిరునామా కోర్టుకు ఇవ్వాలని 6వ ఆర్డరులో 14ఏ రూలు 1976 సవరణ నుంచి ఉంది. ఈ-కోర్ట్స్ వ్యవస్థలో ప్రతి కేసుకూ పదహారు అక్షరాల సీఎన్‌ఆర్ నంబరు ఉంది, ఫోన్ నంబరు నమోదు చేస్తే ఎస్సెమ్మెస్ వస్తుంది. వకీలు నంబరుతో పాటు కక్షిదారు నంబరు కూడా తప్పనిసరి చేసి, మొదటి అప్పీలు తుది విచారణకు వచ్చే ముందు ఒక సందేశం, వకీలు రాని రోజున కొట్టేయకుండా మరో తేదీ వేసి ఇంకో సందేశం పంపమని హైకోర్టులు తమ రూల్స్ ద్వారా ఆదేశించవచ్చు. పార్లమెంటు దాకా వెళ్లనక్కర్లేదు. దీనివల్ల ఆలస్యం పెరుగుతుందని అంటారు. ఒక అదనపు వాయిదా పెరుగుతుంది, నిజమే. దాని బదులు తగ్గేవి ఆలస్యపు పిటిషన్, పునరుద్ధరణ పిటిషన్, దాన్ని కొట్టేస్తే 43వ ఆర్డరు కింద వేసే అప్పీలు. రెండో తేదీకీ రానివాడి అప్పీలును నిస్సంకోచంగా కొట్టేయవచ్చు. అప్పుడు నాకు తెలియలేదన్న మాటకు విలువ ఉండదు, గెలిచినవాడికి కావలసిన ముగింపు కూడా అదే. ఇక పునరుద్ధరణ పిటిషన్లను తేల్చడానికి కోర్టుకు గడువు పెట్టి, అవి తేలేదాకా వేలాన్ని ఖాయం చేయకుండా ఆపితే మూడో మనిషి చేతిలో ఆస్తి చిక్కుకునే ప్రమాదమూ తగ్గుతుంది.

ఈ మార్పులు వచ్చేదాకా అప్పీలు పెండింగులో ఉన్నవారు తమ సీఎన్‌ఆర్ నంబరు వకీలు దగ్గర అడిగి రాసుకోండి, నెలకొకసారైనా ఈ-కోర్ట్స్ యాప్‌లో చూసుకోండి, వకీలు మారినా ఊరు మారినా కోర్టుకు కొత్త చిరునామా ఇవ్వండి. అప్పీలు పోయిందని తెలిస్తే ఆ రోజే కదలండి. చట్టం లెక్కపెట్టే ముప్పై రోజులు మీకు తెలిసిన రోజు నుంచి కాదు, కొట్టేసిన రోజు నుంచి.